డైరెక్టర్ పక్కనే ఎడిటర్ పేరు కూడా రాయండి

ప్రపంచ సినిమా మీద మనవాళ్లు రాసే పోస్టులు చదువుతుంటే ఒక్క విషయంలో నాకు ఒళ్లు మండుతుంది. బ్రెజిల్ అనగానే దర్శకులు గ్లాబర్ రోషా, ఎడువార్దో కౌటిన్యో. ఇద్దరూ మహానుభావులే, కాదనను. కానీ రోషా తీసిన ‘తెర్రా ఎం ట్రాన్సే’ (1967), కౌటిన్యో తీసిన ‘కాబ్రా మార్కాదో పారా మొరేర్’ (1984) రెండింటినీ ఎడిట్ చేసింది ఒకాయనే. ఎడువార్దో ఎస్కొరెల్. ఆ పేరు ఎత్తినవాళ్లు నాకు కనపడలేదు.

ఆయన 1945లో సావో పాలోలో పుట్టారు. 1962లో స్వీడన్ దర్శకుడు ఆర్నె సుక్స్‌డార్ఫ్ రియో వచ్చి సినిమా పాఠాలు చెప్పినప్పుడు ఆ క్లాసులో కూర్చున్న కుర్రాళ్లలో ఈయన కూడా ఉన్నారు. సుక్స్‌డార్ఫ్ తెచ్చిన సామాన్లలో నాగ్రా టేప్ రికార్డర్ ఉంది. భుజాన తగిలించుకుని వీధిలోకి వెళ్లి, కెమెరా తిరుగుతుండగానే మాటని పట్టుకునే మిషన్. మనిషి మాట్లాడుతున్నప్పుడు ఏది ఉంచాలి, ఏది తీసేయాలి అన్న ప్రశ్న ఆ తరానికి అక్కడే మొదలైంది.

‘కాబ్రా’ సంగతి వినండి. పరైబా రాష్ట్రంలో జొవావ్ పెద్రో తెషైరా అనే రైతు నాయకుణ్ణి 1962లో చంపేశారు. ఆ కథని 1964లో రైతులతోనే, ఆయన భార్య ఎలిజబెత్‌తోనే తీస్తుంటే సైన్యం అధికారం లాక్కుంది, షూటింగ్ ఆగిపోయింది. ఎలిజబెత్ పేరు మార్చుకుని అజ్ఞాతంలోకి వెళ్లిపోయింది. 1981లో కౌటిన్యో ఆమెని వెతికి పట్టుకుని మళ్లీ కెమెరా పెట్టారు. ఒక పక్క బ్లాక్ అండ్ వైట్‌లో సగంలో ఆగిన నటన, ఇంకో పక్క కలర్‌లో ముసలితనం. ఈ కుప్పంతా ఎస్కొరెల్ ఎడిటింగ్ టేబుల్ మీద పడింది.

అందులో ఒక చోట, అప్పట్లో నాయకుడి వేషం వేసిన జొవావ్ మరియానో మాట్లాడటం మొదలుపెడతాడు. మైకులో గాలి హోరు. సౌండ్ సరిగా రావట్లేదని ఆపుతారు. మళ్లీ చెప్పమంటే మనిషి నోరు విప్పడు. కౌటిన్యో బతిమాలుకోవాల్సి వస్తుంది. మామూలుగా అయితే తీసి పారేసే ముక్క ఇది. ఇక్కడ అలాగే ఉంచారు! ఏళ్ల తరబడి నియంతృత్వంలో బతికిన మనిషికి మాట ఎంత భారమో అక్కడ తెలుస్తుంది. కామెంటరీ ఎంత చదివించినా అది రాదు.

ఏదో ఒక్కసారి కుదిరింది అనుకుంటే ‘శాంతియాగో’ (2007) చూడండి. దర్శకుడు జొవావ్ మొరైరా సాలెస్ తమ ఇంట్లో పనిచేసిన బట్లర్‌ని 1992లో షూట్ చేసి మూలన పడేశారు. ఏళ్ల తర్వాత ఎస్కొరెల్, లివియా సెర్పా దాన్ని ఎడిట్ చేశారు. కెమెరా వెనక నుంచి “ఇంకోసారి చెప్పు” అంటూ వేసిన ఆర్డర్లు కూడా వినిపించేలా వదిలేశారు. యజమాని కొడుక్కీ పనిమనిషికీ మధ్య దూరం ఆ గొంతులోనే బయటపడుతుంది. తన తప్పు తెర మీద ఉండటానికి ఒప్పుకున్న సాలెస్ ధైర్యం గొప్పదే. కానీ టేబుల్ దగ్గర కూర్చుని ఆ ముక్కల్ని పేర్చినవాళ్ల సంగతి?

రెండు సినిమాలూ ఏళ్ల తరబడి సగంలో ఆగిపోయినవే. రెండిట్లోనూ పనికిరాదనుకున్న సౌండే ప్రాణం. రెండిటి ఎడిటింగ్‌లోనూ ఎస్కొరెల్ ఉన్నారు. ఇంత కనిపిస్తున్నా మనం “కౌటిన్యో మాస్టర్‌పీస్” అని ఒక్క ముక్కలో తేల్చేస్తాం. స్ట్రీమింగ్ యాప్‌లైతే మరీ దారుణం, పేర్లు మొదలవగానే తెరని మూలకి కుదించి ఇంకో సినిమా తోసేస్తాయి.

ఫిల్మ్ క్లబ్బులు నడిపేవాళ్లకీ, రివ్యూలు రాసేవాళ్లకీ నా విన్నపం ఒక్కటే. పోస్టర్ మీద, మొదటి పేరాలో, డైరెక్టర్ పేరున్న లైన్లోనే ఎడిటర్ పేరు, సౌండ్ రికార్డ్ చేసినవాళ్ల పేరు వేయండి. వచ్చే స్క్రీనింగ్ నుంచే మొదలుపెట్టండి.