తొట్టెలో బతికినంత మాత్రాన నదిలో ఉన్నట్టు కాదు

"టెకీలా చేప అంతరించిందని గగ్గోలు పెట్టారు. ఆక్వేరియంలలో చూస్తే వేలకు వేలున్నాయి. నాలుగు బకెట్లు తెచ్చి నదిలో పోస్తే సరిపోయేదానికి ఇంత హడావుడి ఎందుకు? అయినా ఏడు సెంటీమీటర్ల చేప లేకపోతే నదికి వచ్చే నష్టమేమిటి?" మెక్సికోలోని ఒక నదిలో కనుమరుగైన ఈ చిన్న చేపను ఏళ్ల తరబడి శ్రమించి తిరిగి అక్కడికి చేర్చిన పని గురించి ఈ మాటలు చాలామంది చేతులు మారుతున్నాయి. చదివిన ప్రతిసారీ నాకు బాధ కలుగుతోంది. అందుకే ఒక్కొక్క మాటకూ జవాబు చెబుతున్నాను.

మొదటిది, అంతరించిందన్నది అబద్ధమనడం. ఆ చేప భూమి మీదే లేదని ఎవరూ అనలేదు. అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంఘం జాబితాలో 'అంతరించినవి' వేరు, 'సహజ ఆవాసంలో అంతరించినవి' వేరు. మెక్సికోలోని హాలిస్కో రాష్ట్రంలో టెకీలా అగ్నిపర్వతానికి దగ్గరగా ప్రవహించే తెవుచిత్లాన్ నది దీని సొంత చోటు. పేరు కూడా ఆ కొండను బట్టి వచ్చిందే, టెకీలా అనే మద్యాన్ని బట్టి కాదు. కాలుష్యం, బయటి నుంచి తెచ్చి వదిలిన చేపలు కలిసి దీన్ని అక్కడ నిలవనీయలేదు. 2003 నాటికి నదిలో కనుమరుగైంది.

రెండోది, తొట్టెల్లో వేలకు వేలున్నాయి కాబట్టి భయం లేదనడం. నదికి తిరిగి వెళ్లిన చేపల లెక్క ఎక్కడ మొదలైందో చూడండి. 1998లో ఇంగ్లండ్‌లోని చెస్టర్ జూ నుంచి మెక్సికోలోని మిచోకాన్ విశ్వవిద్యాలయానికి చేరినవి ఐదు జతలు. అంటే పది చేపలు! ఈ జాతి తిరిగి నది చేరే దారి ఆ పదింటి మీదే ఆధారపడింది. తొట్టెలో తరం తర్వాత తరం దగ్గరి బంధువుల మధ్యే సంతానం కలిగితే జన్యు వైవిధ్యం తరిగిపోతుంది. పెంచేవారి ఆసక్తి తగ్గినా, ఒక రోగం సోకినా ఒక తొట్టె మొత్తం ఖాళీ అవుతుంది. శ్రద్ధగా కాపాడిన పెంపకందార్లకు నేను చేతులెత్తి నమస్కరిస్తాను. కానీ వారి శ్రమను చూపించి నదిని వదిలేయమనడం వారికే అవమానం.

ఇక బకెట్ల మాట. నన్ను అన్నిటికన్నా ఎక్కువ నొప్పించింది ఇదే. మిచోకాన్ విశ్వవిద్యాలయ ప్రొఫెసర్ ఒమార్ దొమింగెజ్ బృందం ఆ ఐదు జతల సంతతిని దాదాపు పదిహేనేళ్లు ప్రయోగశాలలో పోషించింది. తర్వాత 40 ఆడ, 40 మగ చేపలను విశ్వవిద్యాలయంలో తవ్విన చెరువుల్లో వదిలారు. ఎందుకంటే తొట్టెలో పుట్టిన చేపకు పక్షి, తాబేలు, పాము అంటే ఏమిటో తెలియదు. వేళకు మేత దొరకని రోజూ తెలియదు, పరాన్నజీవులూ తెలియవు. అవన్నీ ఆ చెరువుల్లో అనుభవమయ్యాయి. నాలుగేళ్లలో ఆ 80 చేపలు సుమారు 10,000 అయ్యాయని అంచనా వేశారు. ఈలోగా నది నీటి నాణ్యత, మేత, శత్రువులు, పోటీ చేపలు, అన్నింటినీ పరిశీలించారు. ఆ తర్వాతే 1,500 చేపలను నదిలోకి తీసుకెళ్లారు. అప్పుడు కూడా నేరుగా విడిచిపెట్టలేదు. ముందు నీటిలో తేలే రక్షణ వలయాల్లో ఉంచి, గుర్తులు వేసి, అలవాటుపడ్డాక వదిలారు. ఆరు నెలల్లో వాటి సంఖ్య 55 శాతం పెరిగింది. బకెట్లతో పోసి ఉంటే? మొదట తరిమేసిన కారణాలు నదిలో అలాగే ఉంటే ఆ చేపలు మరోసారి చచ్చేవి, అంతే.

చివరిది, చిన్న చేప పోతే నష్టమేమిటనడం. ఈ చేప గుడ్లు పెట్టదు, పిల్లలను కంటుంది. కడుపులోని పిండాలు రిబ్బన్లలాంటి తంతువుల ద్వారా తల్లి నుంచి పోషణ తీసుకుంటాయి. ఇలాంటి వింత అమరిక ఉన్న గూడీడ్ అనే రకం చేపలకు మధ్య మెక్సికో ఊటలు, నదులే పుట్టిల్లు. ఆ నీరు పాడైతే పోయేది ఒక్క జాతి కాదు. టెకీలా చేప ఉన్న నదిలోనే బంగారు స్కిఫియా అనే మరో గూడీడ్ చేప కూడా కనుమరుగైంది. అది కూడా తొట్టెల్లోనే మిగిలింది. 2022 నవంబరులో సుమారు 1,200 బంగారు స్కిఫియాలను అదే తెవుచిత్లాన్ నదిలో వదిలారు. టెకీలా చేప కోసం నేర్చుకున్న పాఠాలే అక్కడ దారి చూపాయి.