తాటాకు కట్టలను గోదావరిలో కలపకండి

తాళపత్రాల గురించి తిరుగుతున్న ఆ సందేశం నాకు మళ్లీ వచ్చింది. ఈసారి పంపినవారిలో తాతల నాటి కట్టలు ఇంట్లో ఉన్నవారు కూడా ఉన్నారు. అందుకే ఇక ఊరుకోలేకపోతున్నాను. అది చెప్పేది ఇది: తెలుగు తాళపత్రాలన్నీ తెల్లవాళ్లు లండన్‌కు తరలించారు, తాటాకు వేల ఏళ్లు చెక్కుచెదరదు, ఇంట్లో మిగిలినవాటికి కొబ్బరినూనె పట్టించి ఎండబెట్టాలి, గ్రంథాలయాలకు ఇస్తే మళ్లీ కంటికి కనిపించవు, కాబట్టి ఫోనుతో ఫొటోలు తీసుకుని, శిథిలమైన కట్టను పుణ్యనదిలో కలిపేయాలి. వాటిలో విమానాల తయారీ రహస్యాలున్నాయని కూడా ఒక వాక్యం. దానికి జవాబు అక్కర్లేదు.

లండన్ సంగతి. కొన్ని వెళ్లిన మాట నిజమే. లండన్‌లోనూ పారిస్‌లోనూ తెలుగు ప్రతులు నేటికీ ఉన్నాయి. "అన్నీ" అనడమే అబద్ధం. ఈస్టిండియా కంపెనీ సర్వేయరు కాలిన్ మెకంజీ కోసం, ఆయన సహాయకులైన కావలి సోదరులు, వారి మనుషులు ఊరూరా తిరిగి సేకరించిన దక్షిణాది భాషల ప్రతుల్లో చాలావరకు మద్రాసుకే చేరాయి. 1811లో చనిపోయిన స్కాట్లండ్ పండితుడు జాన్ లేడెన్ సేకరణ లండన్‌లో కంపెనీ గ్రంథాలయంలో పడి ఉంటే, దాన్ని మద్రాసుకు తిప్పి పంపేలా చేసినవాడు సి.పి. బ్రౌన్. మెకంజీ, లేడెన్ సేకరణలూ బ్రౌన్ సొంత సేకరణా కలిసే మద్రాసు ప్రాచ్యలిఖిత పుస్తక భాండాగారానికి పునాది అయ్యాయి. తిరుపతిలో, హైదరాబాదులో, తంజావూరు సరస్వతీ మహల్ గ్రంథాలయంలో ఉన్నవి వేరు. వాటిని చదివేవారు లేరన్న బాధ ఈ సందేశం రాసినవారికి ఎందుకు కలగలేదు?

తాటాకు వేల ఏళ్లు ఉంటుందా? నన్నయ నాటి భారత ప్రతి ఒక్కటి చూపించమనండి. మన ఉక్కలో, తేమలో, పురుగుల మధ్య తాటాకు కొన్ని వందల ఏళ్లు నిలిస్తే గొప్ప. ఖాట్మండులో క్రీ.శ. 878 నాటి సుశ్రుత సంహిత తాళపత్ర ప్రతి ఉందంటే అక్కడి చల్లని వాతావరణం కూడా అందుకు కారణం. మన దగ్గర కావ్యాలు బతికింది ఆకు గట్టిదనం వల్ల కాదు. ఆకు శిథిలమయ్యే లోపే ఎవరో ఒకరు గంటం పట్టి మరో ప్రతి రాసినందువల్ల.

కొబ్బరినూనె వద్దు. అది దుమ్మును పట్టి ఉంచుతుంది, కొన్నాళ్లకు జిగురై ఆకునూ ఆకునూ అంటించేస్తుంది. ఎండలో పెడితే ఆకు వంకర తిరిగి, పెళుసై విరుగుతుంది. సంరక్షకులు వాడేది నిమ్మగడ్డి నూనె వంటివి, అదీ దుమ్ము తుడిచాక, మెత్తని గుడ్డతో అతి పలుచగా. పెద్దలు చేసినవాటిలో మంచివి ఉన్నాయి: కట్టకు పైనా కిందా చెక్కలు పెట్టి బిగించడం, గుడ్డలో చుట్టడం, పురుగు చేరకుండా వస కొమ్ము వేయడం. అవి మానకండి.

ఇక నదిలో కలపడం. ఈ ఒక్క సలహా కోసమే ఇదంతా రాస్తున్నాను. ఫొటో తీశాం కదా అంటారు. ఏం తీశారు? గంటంతో గీసిన గాడిలో నింపిన మసి పోతే అక్షరం మీ ఫోనుకే కాదు, మీ కంటికీ ఆనదు. అలాంటి ఆకులనే "ఖాళీవి" అనుకుని పారేస్తారు. పక్క నుంచి వాలుగా వెలుతురు పడాలి, లేదా తెలిసినవారు మళ్లీ మసి పట్టించాలి, అప్పుడు పద్యం బయటపడుతుంది. చివరి ఆకు మీద లేఖకుడు "శుభకృతు సంవత్సరం" అని రాసి ఊరుకుంటాడు. ఏ శుభకృతు? 1782లో వచ్చినదా, 1842లో వచ్చినదా, 1902లో వచ్చినదా? అది తేల్చడానికి అక్షరాల తీరుతో పాటు ఆకు మామూలు తాటిదా, శ్రీతాళం అనే మరో జాతి తాటిదా, ఎలా కోశారు, రంధ్రం ఎక్కడ వేశారు అన్నవీ చూడాలి. వీటిలో ఎన్ని మీ ఫొటోలో ఉన్నాయి? వరుస సంఖ్య లేకుండా, పెళ్లి ఫొటోల మధ్య కలిసిపోయి, ఫోను మార్చినప్పుడు మాయమయ్యే ఆ బొమ్మల కోసం ఎవరో నెలల తరబడి రాసిన కట్టను నీటిపాలు చేస్తారా? అది మీ ఊరి స్థలపురాణానికి మిగిలిన ఒకే ఒక్క ప్రతి అయితే? దీన్ని పుణ్యమని ప్రచారం చేసేవారికి సిగ్గుండాలి.

గ్రంథాలయాలకు ఇవ్వవద్దన్న మాటకు కౌటిల్యుని అర్థశాస్త్రమే జవాబు. తంజావూరు ప్రాంతపు పండితుడు ఒకరు ఆ తాళపత్ర ప్రతిని మైసూరు ప్రాచ్య గ్రంథాలయానికి ఇచ్చారు. 1905లో అక్కడి గ్రంథపాలకుడు శామశాస్త్రి దాన్ని గుర్తించారు, 1909లో అచ్చు వేయించారు. ఆ పండితుడు దాన్ని అటక మీదే ఉంచుకుని ఉంటే?

అయినా ఇక్కడ ఆ సందేశం రాసినవారితో నేను ఏకీభవించక తప్పదు. ఇచ్చినవారి మనవలు వెళ్లి అడిగినా చూపించని గ్రంథాలయాలు ఉన్నాయి. సూచిక లేదంటారు, సంబంధిత ఉద్యోగి సెలవులో ఉన్నారంటారు, ప్రతి తీసుకోవడానికి అనుమతి రావాలంటారు. ఆ అనుమతి రాదు. ఈ అనుభవం నాకూ ఉంది. జనం నమ్మకపోవడంలో తప్పు లేదు.

కాబట్టి ఇచ్చేటప్పుడే గట్టిగా ఉండండి. ఆకులు లెక్కపెట్టి, విరిగినవి ఎన్నో రాసి, రసీదు మీద ప్రవేశ సంఖ్య, అంటే గ్రంథాలయం ఆ కట్టకు ఇచ్చే నమోదు సంఖ్య, వేయించుకోండి. పూర్తి డిజిటల్ ప్రతి ఒకటి మీకు ఇవ్వాలని కాగితం మీద రాయించుకోండి. ఒప్పుకోకపోతే కట్టను తిరిగి తెచ్చుకుని, మరో గ్రంథాలయాన్ని అడగండి. అప్పటివరకు చెక్కల మధ్య బిగించి, గుడ్డలో చుట్టి, తేమ తగలని బీరువాలో ఉంచండి.