మాలతి ఒక్క సినిమా నటి కాదు

‘పాతాళభైరవిలో రాజకుమారిగా మెరిసిన మాలతికి అదే మొదటి సినిమా, అదే చివరిది. నటన రాదు, పాట రాదు, అందం వల్ల అవకాశం దక్కింది, అంతే.’ చెన్నైలోని తెలుగువాళ్ల వాట్సాప్ బృందాల్లో ఈ మాటలు చేతులు మారుతున్నాయి. ఆ సినిమా చిత్రీకరించిన వాహినీ స్టూడియో మన వడపళనిలోనే ఉండేది. అక్కడికి కూతవేటు దూరంలో ఉంటూ మనమే ఇలా రాసుకోవడం నాకు చాలా బాధగా ఉంది.

మొదటి సినిమా అన్నది శుద్ధ అబద్ధం. 1940లోనే బి.ఎన్. రెడ్డి ‘సుమంగళి’లో మాలతి బాల్య వితంతువు సరస్వతిగా నటించారు. వితంతు వివాహం గురించి మాట్లాడటానికే ఇళ్లలో జంకే రోజులవి. ఆ తర్వాత ‘భక్త పోతన’లోనూ నటించారు. అది దర్శకుడిగా కె.వి. రెడ్డికి తొలి చిత్రం. పాతాళభైరవి తీసింది కూడా ఆయనే. అంటే రాజకుమారి ఇందుమతి పాత్రకు ఆయన పిలిచింది ముక్కూ మొహం తెలియని కొత్త అమ్మాయిని కాదు, తన మొదటి సినిమా నుంచీ పనితనం చూసిన నటిని. ఇక అందం వల్లే అవకాశమన్న మాట ఎక్కడిది?

నటన రాదనేవారు 1949 నాటి ‘గుణసుందరి కథ’ చూడాలి. తండ్రి మీద లేని ప్రేమ ఒలకబోసే ఇద్దరు అక్కల్లో ఒకరు శాంతకుమారి, రెండోవారు మాలతి. ఆ గర్విష్ఠి, రెండేళ్లు తిరిగేసరికి పాతాళభైరవిలోని ‘కలవరమాయే మదిలో’ పాటలో వెన్నెల్లో తడబడే రాకుమారి అయ్యారు. అదే ఇందుమతి మాంత్రికుడి చెరలో పడ్డాక అతనితో పెళ్లికి ససేమిరా అంటుంది. ఎదురుగా ఉన్నది ఎస్.వి. రంగారావు. ఆయన పక్కన తేలిపోకుండా నిలబడటం మాటలా?

పాట రాదన్నది మరీ అన్యాయం. పాతాళభైరవిలో ఆమెకు పి. లీల పాడిన మాట నిజమే. కానీ గుణసుందరి కథలో శాంతకుమారితో కలిసి ఆమె తన గొంతుతోనే పాడారు. అప్పటికి నేపథ్యగానం స్థిరపడింది. పాడగలిగిన తారలకు కూడా వేరేవారు పాడటం మామూలైపోయింది. దాన్ని ఆమె లోపంగా చూపించడం తగదు.

చివరి సినిమా అన్నదీ తప్పే. 1954లో ‘కాళహస్తి మహాత్మ్యం’లో కన్నడ రాజ్‌కుమార్ సరసన కథానాయిక ఆమే. కన్నడ మాతృకలో పండరీబాయి వేసిన పాత్ర తెలుగులో మాలతికి వచ్చింది.

ఆమె ప్రయాణం చిన్నదే, కాదనను. పాతాళభైరవిలో ఒక్క నాట్యానికి కనిపించిన సావిత్రి 1955 నాటికి ‘మిస్సమ్మ’ నాయిక అయ్యారు. ఆ రెండు సినిమాలూ నిర్మించిన విజయా సంస్థ కొత్త తరం వైపు నడిచింది. అయినా బి.ఎన్. రెడ్డి, కె.వి. రెడ్డి వంటివారు ఏరి పెట్టుకున్న నటిని ఒక్క సినిమా మనిషిగా తేల్చేయడం నేను ఒప్పుకోను. ఆ సందేశం మీ ఫోనులోకి వస్తే మరొకరికి పంపకండి. పంపినవారికి సుమంగళి, గుణసుందరి కథ, కాళహస్తి మహాత్మ్యం పేర్లు చెప్పండి.