ఏడు నిమిషాల గొల్లసుద్దులు

మొన్న మా ప్రవాస సంఘం దసరా వేడుకల్లో, గొల్లల వేషంలో పాటా మాటా హాస్యం కలిపి చెప్పే జానపద కళ అయిన మా గొల్లసుద్దులకు దక్కింది ఏడు నిమిషాలు. దానికీ ఒక షరతు పెట్టారు: సంఘం రాజకీయాలకు అతీతం కనుక వెట్టిచాకిరీ ఘట్టం తీసేయాలి. మూడు వారాలు మా బేస్‌మెంటులో సాధన చేసిన నలుగురం గొంగళ్లు భుజాన వేసుకుని, మిగిలిన హాస్యం చెప్పి దిగిపోయాం. మా తరువాత స్వరాష్ట్రం నుంచి విచ్చేసిన నాయకుడు నలభై నిమిషాలు ప్రసంగించారు. ఆ షరతు ఆయనకు ఎవరూ చెప్పినట్టు లేదు.

కార్యవర్గం ఇబ్బందులు నాకు తెలియనివి కావు. రెండేళ్లు కోశాధికారిగా ఉన్నవాణ్ణి. పది గంటలకు హాలు ఖాళీ చేయాలి, పిల్లల నృత్యాల్లో ఒక్కటి తగ్గించినా తల్లిదండ్రులు ఊరుకోరు, భోజనాల వరుస మొదలైతే సభలో మిగిలేది మైకు పట్టుకున్నవారే. అయినా నన్ను నొప్పించింది సమయం తగ్గడం కాదు, ఆ ఘట్టం తీసేయమనడం.

మాది నల్లగొండ జిల్లాలో దేవరకొండ వైపు ఊరు. పంటలు ఇంటికొచ్చాక, చేతుల్లో చెక్క చిరుతలు మోగిస్తూ చిరుతల రామాయణం ఆడేవారు. ఒక ఏడాది హనుమంతుడి వేషం వేసిన కుమ్మరాయన, పటేలు ఇంట్లో పెండ్లికి కుండలన్నీ ఉత్తగనే మోసి అలసి ఉన్నాడు. ఆ రాత్రి సంజీవి పర్వతం ఎత్తుకుని వస్తూ వస్తూ, పెట్రోమాక్స్ వెలుగు దాటి, ముందు వేసిన నులక మంచం దగ్గర ఆగి, "పొద్దుగాల మీ కుండలు మోసిన, ఇప్పుడు కొండ మోస్తున్న, కూలి ఎవలిస్తరు పటేలా?" అన్నాడు. చిరుతలు ఆగిపోయాయి. పటేలు నవ్వాడు, ఆయన నవ్విన తరువాతే ఊరు నవ్వింది. ఆ చిన్న వ్యవధిని నేను ఇప్పటికీ మరిచిపోలేదు. ఆ రోజుల్ని బంగారంగా చెప్పుకోవడం నాకు ఇష్టం లేదు: ఊరవతలి వాడవాళ్లు ఆ రాత్రి కూడా దూరంగా నిలబడే చూశారు, అది మాలో ఎవరికీ వింతగా తోచలేదు.

నాటకరంగ పరిశోధకుడు రుస్తుం భరూచా 1983లో బెంగాల్ రాజకీయ నాటకరంగంపై వెలువరించిన గ్రంథాన్ని నేను ఇక్కడికి వచ్చాకే చదివాను. బెంగాలీ నాటకకర్తలు ఉత్పల్ దత్, బాదల్ సర్కార్‌ల కృషిని పట్టించుకుంటూనే, విప్లవం మాట ఉన్నంత మాత్రాన నాటకాన్ని ఆయన నెత్తికెత్తుకోలేదు. 1985లో పీటర్ బ్రూక్ ప్రదర్శించిన మహాభారతంపై ఆయన విమర్శ నాకు ఇంకా సూటిగా తగిలింది: ఒక కథను అది బతికిన సమాజం నుంచి విడదీసి, అందం మాత్రం ఏరుకుంటే మిగిలేదేమిటని ఆయన అడుగుతారు. ఆ విమర్శ పరాయివారికే వర్తిస్తుందని అనుకునేవాణ్ణి. మన గొంగడిని మనమే వేషంగా మార్చుకున్నాక ఆ ధీమా పోయింది.

గొల్లసుద్దులను తెలంగాణ రైతాంగ పోరాట కవి సుద్దాల హనుమంతు వాడింది జనానికి పోరాటం సంగతి చెప్పడానికి. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు "మా భూమి" నాటకాన్ని 1947లో, తెలంగాణ రైతాంగ పోరాటం సాగుతుండగానే రాశారు. వామపక్ష కళాకారుల సంస్థ ప్రజానాట్యమండలి దాన్ని నిజాం సరిహద్దు అవతలి కోస్తా ఊళ్లకు మోసుకెళ్లింది, తరువాత అది నిషేధానికి గురైంది. నల్లగొండ వెతను నల్లగొండ చూడనివారు కూర్చుని విన్నారంటే, అక్కడే పుట్టి ఇక్కడ స్థిరపడిన మనం వినలేమా? పిల్లలకు బతుకమ్మ పేర్చడం నేర్పుతున్నాం, మంచిదే. "నీ బాంచెన్ దొరా" అనే మాట ఎవరు ఎవరితో ఎందుకు అనేవారో కూడా చెప్పాలి కదా.

కార్యవర్గానికి నా విన్నపం చిన్నది. ఉగాదికి ఒక్క నాటకానికి నలభై నిమిషాలు ఇవ్వండి, పాఠంలో కోత లేకుండా. వేదిక, తెర, దీపాలు అక్కరలేదు. బాదల్ సర్కార్ చేసినట్టు ప్రేక్షకుల మధ్యే ఆడతాం. నచ్చనివారు తరువాత మమ్మల్ని నిలదీయవచ్చు, అందుకు ఒక పావుగంట అదనంగా అడుగుతున్నాం. దరఖాస్తు గతవారమే పంపాను. కుర్చీలు మేమే గుండ్రంగా వేసి, మేమే ఎత్తేస్తాం.