‘కెమెరా పనితనం కనువిందు చేస్తుంది’ వాక్యం గారికి

మహారాజశ్రీ వాక్యం గారి దివ్యసముఖానికి ఒక ఛాయాగ్రాహకుడు నమస్కరించి రాసుకున్న విన్నపం.

ఉభయకుశలోపరి. మీరు కుశలమేనని వేరే అడగనక్కరలేదు. సినిమా ఆడినా ఆడకపోయినా మీకు లోటు లేదు. సమీక్షలో కథ, నటన, పాటలు, మాటలు అన్నీ అయిపోయాక, ‘నిర్మాణ విలువలు బాగున్నాయి’ అనే మీ తమ్ముడికి కాస్త ముందు మీ పీట ఎప్పుడూ వేసే ఉంటుంది. ఫిల్ము పోయి డిజిటల్ వచ్చింది. మీలో ఒక్క అక్షరం మారలేదు.

మీ తొలి దర్శనం కోసం నేను పన్నెండేళ్లు తపస్సు చేశాను. నల్ల సంచిలోకి చేతులు దూర్చి, వేళ్లనే కళ్లు చేసుకుని మేగజైనులో, అంటే కెమెరాకు తగిలించే ఫిల్ము డబ్బాలో, ఫిల్ము ఎక్కించాను. 35 మిల్లీమీటర్ల ఫిల్ము వెయ్యి అడుగులంటే, సెకనుకు 24 ఫ్రేముల చొప్పున, సుమారు 11 నిమిషాలు. పిసరంత వెలుతురు చొరబడితే రోజంతా పడ్డ శ్రమ గంగపాలు. తర్వాత టేపు పట్టుకుని నటుడి కంటికీ కెమెరాకూ మధ్య దూరం కొలిచాను. ఫోకస్ సరిగ్గా ఉంటే ఎవరికీ తెలియదు, బెత్తెడు తప్పితే హాలంతటికీ తెలుస్తుంది.

చివరికి తెరపై నా పేరు పడింది, మీరు దయచేశారు. మూడు రోజులు ఉబ్బితబ్బిబ్బయ్యాను. నాలుగో రోజు అనుమానం వచ్చింది. ఇంతకీ మీరు మెచ్చుకున్నది దేన్ని?

ఆ సినిమాలో ఒక కొండ ఉంది. సాయంకాలం, మంచు. అక్కడ నేను చేసిందల్లా కెమెరా నిలబెట్టి పక్కకు తప్పుకోవడం. ఇరవై నిమిషాల పని. అదే సినిమాలో ఇరుకు గదిలో ఒక తల్లి ఉత్తరం చదువుతుంది. తెర మీద మిట్టమధ్యాహ్నం, మేము తీసింది అర్ధరాత్రి. కిటికీ బయట దీపం, దాని ముందు గుడ్డ. ఆమె కంట్లో చిన్న మెరుపు ఉండాలి, చెంప మీద నీడ ఉండాలి, గోడ మీద మా నీడ మాత్రం పడకూడదు. తెల్లవారిపోయింది. సమీక్షకుడు ఆ సన్నివేశానికి నటిని పొగిడాడు. పొగడవలసిందే, ఆమె ఏడ్చింది, నేను ఏడవలేదు. కొండ దగ్గరికి వచ్చేసరికి మిమ్మల్ని నాకు పంపాడు. సూర్యుడికి చేరవలసిన ఉత్తరం నా చిరునామాకు వచ్చిందన్నమాట.

1956 నాటి సత్యజిత్ రాయ్ సినిమా ‘అపరాజితో’ కోసం ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర స్టూడియోలో వేసిన ఇంటి సెట్టు మీద తెల్లగుడ్డ కట్టి, దీపాల వెలుగును దాని మీదికి కొట్టి, అక్కడి నుంచి జారిన మెత్తటి వెలుతురులో చిత్రీకరించాడు. ఆకాశం కింద ఉన్న ముంగిలిలా కనిపించాలని ఆయన తాపత్రయం. ఆ పనితనం కంట పడకపోవడమే గొప్ప. మరి కనువిందు ఎక్కడ వెతుకుతారు?

మీకు పెద్దల అండ కూడా ఉందిలెండి. దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం 1969లో మొదలైతే, ఛాయాగ్రాహకుడి వంతు 2008 సంవత్సరపు పురస్కారానికి గానీ రాలేదు. అది వి.కె. మూర్తికి దక్కింది. 2019లో ఆస్కార్ వారు మా బహుమతిని ప్రకటనల విరామంలో ఇచ్చేద్దామనుకున్నారు. బొమ్మ తీసేవాడి బహుమతిని బొమ్మ రాని సమయంలో ఇవ్వడం! సినిమావాళ్లంతా గోల చేస్తే కొద్ది రోజుల్లోనే వెనక్కి తగ్గారు.

అన్నిటికన్నా భయపడేది, సినిమా పోయినప్పుడు మీరు పరామర్శకు వచ్చే తీరుకు. ‘కెమెరా పనితనం ఒక్కటే ఊరట’ అంటారు. మీ పుణ్యమా అని ఒక దర్శకుడు నాతో మాట్లాడటం మానేశాడు. తన సినిమాలో నేనొక్కణ్ణే బాగున్నానట.

నా తర్వాతి సినిమాలో కొండ లేదు, వాన లేదు, సూర్యాస్తమయం లేదు. ఒక గది, ఒక గుడ్డి బల్బు. మీరు రాలేరని తెలుసు. మీ బదులు ‘కొన్ని సన్నివేశాలు చీకటిగా ఉన్నాయి’ అనే మీ మేనత్త కొడుకు బయలుదేరాడని విన్నాను. ఆయనకు కుర్చీ వేసి ఉంచాను.

ఇట్లు,
సాంకేతిక విభాగంలో ఒకడు