పువ్వులు దొరల సొత్తేమీ కాదు

"పారిశ్రామిక విప్లవం రోజుల్లో ఇంగ్లండులో తోటలు దొరల సరదా. కూలివాడికి పూట గడవడమే కష్టం, పువ్వులెక్కడివి? పైగా యంత్రాలొచ్చి తోటల్ని మింగేశాయి." ఈ మెసేజ్ నాకు మూడు గ్రూపుల్లో వచ్చింది. చదవడానికి బాగుంది, నిజం పాలే తక్కువ.

దొరల సరదా అన్నారు. గాజు ఇళ్లు, అందులో పండించే పైనాపిళ్లు దొరలవే, ఒప్పుకుంటా. కానీ కొన్ని పువ్వుల్లో మేలు రకాలు తీసిన పేరు మగ్గం మనుషులది. స్కాట్లండులోని పెయిజ్లీ నేతగాళ్లు రేకుల అంచున లేసు అల్లినట్టుండే 'పింక్' పూలు (రంగు కాదు, ఆ పువ్వు పేరే పింక్) సాధించారు. ఇంగ్లండులోని లాంకషైర్ నేతగాళ్లకు ఆరిక్యులా అనే పూలమొక్క అంటే ప్రాణం. ఆ మొక్కకు విభూతి రాసినట్టు తెల్లటి పొడి ఉంటుంది. నాలుగు చినుకులు పడితే పొడి చెదిరిపోతుంది, ఇక పోటీకి పనికిరాదు. మగ్గం ఇంట్లోనే కాబట్టి, మబ్బు పట్టగానే నేతగాడు లేచి కుండీలు లోపల పెట్టుకునేవాడు. గంట కొడితే మిల్లుకు పరిగెత్తేవాడికి ఆ వీలేదీ? నన్నడిగితే, డబ్బు కన్నా ఆ గంటే పెద్ద అడ్డం.

పూట గడవడం కష్టమన్నది నిజమే. అయినా పబ్బుల్లో పోటీలు జరిగేవి, గెలిచినవాడికి రాగి కెటిల్. పూలకే కాదు, కాయలకూ పోటీలే: గూస్‌బెర్రీ (అక్కడి పుల్లటి చిన్న కాయ, మన ఉసిరి అనుకోకండి) కాయల్ని బంగారంలా తూచేవారు. 1852లో స్టాఫర్డ్‌షైర్‌లో 'లండన్' రకం కాయ ఒకటి అడవి కాయకు ఏడెనిమిది రెట్లు తూగిందని డార్వినే రాశాడు. నాటింగ్‌హామ్ కార్మికుల గులాబీ ప్రదర్శన చూసొచ్చిన రెనాల్డ్స్ హోల్ అనే ఫాదరీ ఇంకో సంగతి చెప్పాడు: మంచు కురిసే రాత్రి మంచం మీది దుప్పటి తీసి గులాబీలకు కప్పేవారట. ఇంటావిడ ఏమనుకుందో!

ఇక యంత్రాలు తోటల్ని మింగేశాయన్నది. మింగడం కాదు, సాయపడ్డాయి కూడా. ఉన్ని బట్ట మీది నూగు కత్తిరించే మిల్లు యంత్రం చూసే, ఎడ్విన్ బడ్డింగ్ 1830లో తోటల్లో పచ్చిక కత్తిరించే మెషీన్ చేశాడు. లండన్ పొగకు పెరట్లో ఫెర్న్ మొక్కలు చచ్చిపోతుంటే, డాక్టర్ నతానియల్ వార్డ్ మూత బిగించిన సీసాలో ఫెర్న్ మొలవడం గమనించి గాజు పెట్టెలు చేయించాడు. తర్వాత చైనా తేయాకు మొక్కలు మన దేశానికి ఓడెక్కింది అలాంటి పెట్టెల్లోనే.

ఇదంతా రాసి మెసేజ్ పంపిన మా బాబాయికే పెట్టాను. "ఆ కాయ పచ్చడికి పనికొస్తుందా?" అని జవాబిచ్చాడు.