రొయ్యల సలాడ్‌కి రెండో బంతి లేదు

మనవాళ్లకి టైమంటే ఏమిటో నేర్పాలని బ్రిటిష్‌వాళ్లు ఒడిశాలోని మన బరంపురం మీదుగా రైలు వేశారు. ఆ రైలే ఆలస్యంగా రావడం నేర్చుకుంది. ఇప్పుడు టైము నేర్పే పని చల్లటి రొయ్యల పాస్తా సలాడ్ భుజాన వేసుకుంది. వేసవి సెలవులకి విశాఖ నుంచి, ఇచ్ఛాపురం నుంచి చుట్టాలు దిగే ఇళ్లలో ఈమధ్య ఇదే ఫ్యాషన్. దీన్ని వంట అనుకునేవాళ్లు అమాయకులు. ఇది క్రమశిక్షణ ఉద్యమం.

చేయడం కష్టమేమీ కాదు. మాకరోనీ చల్లారాక గట్టిపడుతుంది కాబట్టి ప్యాకెట్ మీద రాసినదానికన్నా ఒక నిమిషం ఎక్కువ ఉడికించి, చన్నీళ్లు పోసి వార్చాలి. చిలికా సరస్సు రొయ్యల వీపు చీల్చి నల్ల నరం లాగేసి, మరిగే నీళ్లలో రెండు మూడు నిమిషాలు ఉంచితే చాలు. ఎర్రబడి సగం వంగితే దించేయాలి. తలా తోకా కలిసేదాకా చూస్తూ కూర్చుంటే నమలడానికి పళ్లు చాలవు. మయొన్నైజ్, నిమ్మరసం, మిరియాల పొడి, కీర ముక్కలు కలిపి రెండు గంటలు ఫ్రిజ్‌లో పెట్టాలి. సెలెరీ కూడా వేయమంటారు. మన బజారులో అది అడిగితే కొత్తిమీర కట్ట చేతిలో పెట్టి పంపిస్తారు, అదే వేసుకోండి.

2024 అక్టోబరు చివర్లో పచ్చిగుడ్డు మయొన్నైజ్‌ని తెలంగాణ ప్రభుత్వం ఏడాదిపాటు నిషేధించింది. ఏ ఉద్యమానికైనా నిర్బంధం తప్పదు కదా! గుడ్డు లేని సీసా కొనుక్కుంటే సరి.

అసలు కథ బయటికి తీశాక మొదలవుతుంది. ఇలాంటివి ఫ్రిజ్ బయట రెండు గంటలకి మించి ఉండకూడదని, ఎండ 32 డిగ్రీలు దాటితే ఒక్క గంటేనని అమెరికా వ్యవసాయ శాఖ లెక్క. మే నెల బరంపురంలో 32 అంటే టిఫిన్ల వేళ ఉండే చల్లదనం. కరెంటు పోయినా తలుపు తీయకపోతే ఫ్రిజ్ నాలుగు గంటలు కాపాడుతుందని కూడా అంటారు. పిల్లలున్న ఇంట్లో, వేసవి సెలవుల్లో, ఫ్రిజ్ తలుపు తీయకుండా!

అంటే పన్నెండింటికి భోజనమని పిలిస్తే పన్నెండింటికే రావాలి. మనకి ముహూర్తం తప్పినా అక్షింతలు మిగులుతాయి, మొదటి బంతి తప్పితే రెండో బంతి ఉంటుంది. సలాడ్‌కి ఆ మర్యాదలు తెలియవు.

ఇన్నాళ్లూ మనల్ని పాడుచేసింది తరవాణి. ఒడియా ఇరుగుపొరుగులైతే ఈ పులిసిన అన్నాన్ని పఖాళ అని, ఏకంగా మార్చి 20న పఖాళ దినమే జరుపుకుంటారు. రాత్రి అన్నంలో నీళ్లు పోస్తే తెల్లారేసరికి పులుస్తుంది, మధ్యాహ్నానికి ఇంకాస్త పులిసి ఇంకాస్త రుచెక్కుతుంది. ఆలస్యంగా వచ్చినవాడికి ఎక్కువ రుచి దక్కుతుంటే ఇక ఎవడు త్వరగా వస్తాడు? ఇలాంటి వంటకాన్ని తరతరాలుగా మెచ్చుకుంటూ వచ్చిన జాతి బాగుపడమంటే ఎలా బాగుపడుతుంది?

ఉద్యమానికి ద్రోహం మాత్రం ఇంట్లోనే జరుగుతుంది. రెండున్నరకి పెద్దనాన్నగారు వస్తారు. కండువాతో మెడ తుడుచుకుని, చెంచాతో ఒక మాకరోనీ పైకెత్తి, అటూ ఇటూ తిప్పి చూసి, "ఏటమ్మా, ఇది సల్లారిపోనాది, ఓపాలి వేడి సేసి తే. కుసింత ఆవకాయ కూడా ఎయ్యి" అంటారు.

గంట దాటింది పారేయాలి, నియమం అదే. కానీ చిలికా రొయ్యని చెత్తబుట్టలో వేసే చెయ్యి గంజాం జిల్లాలో ఇంకా పుట్టలేదు. కోడలు లోపలికి తీసుకెళ్లి, నూనెలో అల్లం వెల్లుల్లి వేయించి, కారం దట్టించి, మయొన్నైజ్ విరిగిపోతున్నా లెక్కచేయకుండా పొగలు కక్కేలా తెచ్చి వడ్డిస్తుంది. పెద్దనాన్నగారు మారు వేయించుకుంటారు. వేడికి క్రిములు చచ్చినా, కొన్ని క్రిములు అప్పటికే వదిలిన విషం చావదని ఆయనకి ఎవరు చెప్పాలి?

అందుకని ఉద్యమం ఓడిపోయిందని మాత్రం అనలేం. జీవితంలో ఎక్కడికీ వేళకి వెళ్లని ఆ పెద్దమనిషి, ఆ రాత్రి ఒక చోటికి మాత్రం ఒక్క నిమిషం ఆలస్యం చేయకుండా, చెంబు పట్టుకుని పరుగున వెళ్తారు.